జాతకాలతో పాటు ఒక రక్తపరీక్ష

(గడివేములలో పెన్షనర్ల దినోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



1982 డిసెంబరు 17న నకారా కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పును పురస్కరించుకొని మనం ఏటా ఈ దినోత్సవం జరుపుకుంటున్నాము. పెన్షను అనేది యజమాని దయాధర్మం కాదని, ఉద్యోగి హక్కు అని ఆ తీర్పు చెప్పింది. ఈ వేదికపై మామూలుగా మనం మాట్లాడుకునేది డి.ఏ. బకాయిల గురించి, పి.ఆర్.సి. గురించి, మెడికల్ బిల్లుల గురించి. వాటి సంగతి కార్యదర్శిగారు చెప్పారు. నన్ను ఆరోగ్యం మీద ఏదైనా ఒక పది నిమిషాలు మాట్లాడమన్నారు. బి.పి., షుగరు గురించి నాకంటే మీకే ఎక్కువ తెలుసు. అందుకని మన ఆరోగ్యం గురించి కాక, మన మనుమలు మనుమరాళ్ళ ఆరోగ్యం గురించి, ఇంకా పుట్టని వారి ఆరోగ్యం గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను.

నేను డాక్టరును కాను. ముప్ఫై ఏళ్ళకు పైగా గుమాస్తాగా ఫైళ్ళు రాసినవాడిని. కానీ మా ఇంట్లో అవసరం పడి ఈ విషయం తెలుసుకోవలసి వచ్చింది. డాక్టర్లను అడిగి తెలుసుకున్నదాన్ని మన భాషలో చెప్పే ప్రయత్నం చేస్తాను.

వాహకులు అంటే ఎవరు?

కొన్ని జబ్బులు తల్లిదండ్రుల నుండి బిడ్డలకు వస్తాయి. అయితే తల్లిదండ్రులు ఇద్దరూ నిక్షేపంగా ఉంటారు. వాళ్ళకు ఏ బాధా ఉండదు. అయినా బిడ్డకు జబ్బు వస్తుంది. ఇదెలా సాధ్యం?

మన సర్వీసు రిజిస్టరును గుర్తు తెచ్చుకోండి. ఒరిజినల్ ఒకటి, డూప్లికేట్ ఒకటి. ఒకదానిలో ఒక పేజీ చిరిగినా రెండవది చూసి పని నడిపించుకునేవాళ్ళం. పెన్షను ప్రపోజల్సు ఆగేవి కావు. మన ఒంట్లో జన్యువులు కూడా అలాగే రెండేసి కాపీలు ఉంటాయి. ఒకటి తండ్రి ఇచ్చింది, ఒకటి తల్లి ఇచ్చింది. ఒక కాపీలో తప్పు ఉన్నా రెండవది బాగుంటే ఒంటికి ఏ లోటూ రాదు. అటువంటి మనిషిని వాహకుడు, ఇంగ్లీషులో క్యారియరు అంటారు. క్యారియరు అంటే మనం ఆఫీసుకు తీసుకుపోయిన అన్నం క్యారియరు కాదు లెండి. తనకు జబ్బు లేకుండా, జబ్బు తెచ్చే కాపీని మోస్తున్నవారని అర్థం.

ఇప్పుడు ఒకే జబ్బుకు భార్యా వాహకురాలే, భర్తా వాహకుడే అనుకోండి. బిడ్డకు ఇద్దరి నుండి ఒక్కొక్క కాపీ వస్తుంది. నాలుగింట ఒక వంతు అవకాశం రెండూ తప్పు కాపీలే రావడానికి. అప్పుడు బిడ్డకు జబ్బు వస్తుంది. నాలుగింట రెండు వంతులు బిడ్డ కూడా తల్లిదండ్రుల మాదిరి వాహకుడు మాత్రమే అవుతాడు. మిగిలిన ఒక వంతు ఏ తప్పూ లేని బిడ్డ పుడుతుంది.

ఇక్కడ చాలామంది ఒక పొరపాటు లెక్క వేస్తారు. "మొదటి బిడ్డకు వచ్చింది కదా, ఇక తరువాతి ముగ్గురికీ రాదు" అంటారు. అది తప్పు. ప్రతి కాన్పుకూ లెక్క మళ్ళీ మొదటినుండి మొదలవుతుంది. ప్రతిసారీ నాలుగింట ఒక వంతే.

తలసీమియా

ఇటువంటి జబ్బులలో మన దేశంలో ఎక్కువగా కనిపించేది తలసీమియా. 1925లో అమెరికాలో థామస్ కూలీ అనే పిల్లల డాక్టరు దీన్ని మొదట వివరించాడు. మన దేశంలో నూటికి ముగ్గురు నలుగురు దీనికి వాహకులని అంచనా. అంటే నాలుగు కోట్లమంది దాకా. ఏటా పదివేల మందికి పైగా బిడ్డలు తీవ్రమైన తలసీమియాతో పుడుతున్నారు.

పుట్టినప్పుడు బిడ్డ బాగానే ఉంటుంది. గర్భంలో ఉన్నప్పటి రకం హిమోగ్లోబిన్ కొన్ని నెలలపాటు కాపాడుతుంది. ఆరు నెలలు దాటిన తరువాత బిడ్డ పాలిపోతుంది, పాలు తాగదు, ఎదగదు. అప్పటినుండి మూడు నాలుగు వారాలకొకసారి రక్తం ఎక్కించాలి, అదీ బ్రతికున్నంతకాలం. ఎక్కించిన రక్తంలోని ఇనుము గుండెలో, కాలేయంలో పేరుకుపోతుంది. దానిని బయటికి పంపడానికి రోజూ మందు వాడాలి. ఎముక మజ్జ మార్పిడితో నయమయ్యే అవకాశం ఉంది కానీ, సరిపోయే దాత దొరకాలి, లక్షలు ఖర్చు. తోడబుట్టిన వారి మజ్జ సరిపోయే అవకాశం కూడా నాలుగింట ఒక వంతే. 2017 నుండి కోల్ ఇండియా సంస్థ అర్హులైన పేదపిల్లలకు ఈ చికిత్సకు పది లక్షల రూపాయల వరకు సాయం చేస్తున్నది.

నాతో పనిచేసిన ఒక మిత్రుని ఇంట్లో ఇటువంటి మనుమడు ఉన్నాడు. మూడు వారాలకొకసారి ఆ అబ్బాయిని తీసుకొని తెల్లవారుజామున బస్సెక్కుతారు. రక్తం దొరుకుతుందో లేదో అని ముందు రోజునుండే దిగులు. మా మిత్రుడు తన పెన్షనులో ఒక భాగం బస్సు ఛార్జీలకే పక్కన పెట్టేవాడు. అంతకంటే బాధాకరమైన సంగతి మరొకటి. "మా వంశంలో ఎవరికీ లేదు, ఈ అమ్మాయి తెచ్చింది" అని బంధువులు ఆ తల్లిని అన్నారు. అయ్యా, తల్లి ఒక్కతే వాహకురాలైతే ఆ బిడ్డకు ఈ జబ్బు రానేరాదు. తండ్రి నుండి కూడా ఒక తప్పు కాపీ వచ్చింది కాబట్టే వచ్చింది. ఈ ఒక్క ముక్క తెలిసి ఉంటే ఆ అమ్మాయి అన్ని మాటలు పడేది కాదు.

పరీక్ష ఏమిటి, ఎప్పుడు?

వాహకులను కనిపెట్టడం కష్టం కాదు. మామూలు రక్తపరీక్షలో ఎర్రకణం పరిమాణం చూస్తారు. ఎం.సి.వి. అని రిపోర్టులో ఉంటుంది. అది 80 కంటే తక్కువగా ఉంటే రెండు కారణాలు ఉండవచ్చు. ఒకటి ఇనుము లోపం, రెండవది తలసీమియా వాహకత్వం. ఏదో తేల్చడానికి హెచ్.పి.ఎల్.సి. అనే పరీక్ష చేసి హిమోగ్లోబిన్ ఎ-2 ఎంత ఉందో చూస్తారు. వాహకులలో అది మూడున్నర శాతం కంటే ఎక్కువగా ఉంటుంది. ఇనుము లోపం బాగా ఉంటే ఆ అంకె కొంచెం తగ్గి కనబడవచ్చు. కాబట్టి రిపోర్టు డాక్టరుకు చూపించి అర్థం చెప్పించుకోవాలి. రక్తం తక్కువని ఇచ్చిన ఐరన్ మాత్రలను ఎవరికి వారు మానేయడం కూడా పనికిరాదు.

మనం బ్రతికి ఉన్నామని ఏటా లైఫ్ సర్టిఫికెట్టు ఇస్తున్నాము. ఈ పరీక్ష అలా ఏటా అక్కరలేదు. జన్మకు ఒక్కసారి సక్రమంగా చేయించుకుంటే చాలు. ఖర్చు పెళ్ళిలో పెట్టే ఒక పట్టుచీర ధర కంటే తక్కువ.

ఎప్పుడు చేయించాలి? అన్నిటికంటే మంచిది పెళ్ళికి ముందు. కాకపోతే బిడ్డను కనాలనుకున్నప్పుడు. అదీ కాకపోతే గర్భం నిలిచిందని తెలిసిన వెంటనే, మొదటి నెలల్లోనే. ముందు ఒకరికి చేసి, వారు వాహకులని తేలితే రెండవవారికి చేస్తారు. గర్భవతికి సమయం తక్కువ కాబట్టి ఇద్దరికీ ఒకేసారి చేయిస్తే మేలు.

ఇద్దరూ వాహకులైతే కడుపులోని బిడ్డకు జబ్బు వచ్చిందా లేదా అన్నది కూడా చూడవచ్చు. పదకొండో వారం తరువాత మాయనుండి చిన్న ముక్క తీసి పరీక్షిస్తారు, లేదా పదహారో వారం ప్రాంతంలో ఉమ్మనీరు తీసి పరీక్షిస్తారు. రిపోర్టు రావడానికి రోజులు పడుతుంది. అందుకే ఐదో నెలలో మొదలుపెడితే ఆలస్యమవుతుంది. ఇవి రిజిస్టరయిన కేంద్రాలలోనే చేయాలి. ఆడా మగా అని చెప్పడం 1994 నాటి చట్టం ప్రకారం నేరం, జబ్బు చూడడం మాత్రం చట్టబద్ధమే.

తీవ్రమైన జబ్బు ఉన్నదని తేలితే ఏం చేయాలన్నది భార్యాభర్తలు నిర్ణయించుకోవలసినది. గర్భవిచ్ఛిత్తి చట్టాన్ని 2021లో సవరించారు. 20 వారాల వరకు ఒక డాక్టరు అభిప్రాయం చాలు. 20 నుండి 24 వారాల మధ్య నిబంధనలలో చెప్పిన సందర్భాలలో ఇద్దరు డాక్టర్ల అభిప్రాయం కావాలి. పిండంలో తీవ్రలోపం ఉన్నదని మెడికల్ బోర్డు నిర్ధారిస్తే ఆ తరువాత కూడా అనుమతి ఉన్నది. కొందరు ఆ బిడ్డను కని పెంచుకుంటామంటారు, అదీ వారి హక్కే. పెద్దలం మనం ఇటూ బలవంతం చేయరాదు, అటూ బలవంతం చేయరాదు.

మేనరికాల సంగతి

ఇక మన ఇళ్ళలోని సంగతికి వస్తాను. మన రాయలసీమలో అక్క కూతురిని చేసుకోవడం, మేనమామ కూతురిని, మేనత్త కూతురిని చేసుకోవడం పెద్దలనాటి నుండి ఉన్నది. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో కూడా మన రాష్ట్రంలో సుమారు నాలుగో వంతు పెళ్ళిళ్ళు దగ్గరి బంధుత్వంలోనివే అని తేలింది. నా పెళ్ళీ మేనరికమే. నా భార్య మా మేనమామ కూతురు. నేను ఆ ఆచారాన్ని తిట్టడానికి రాలేదు. లెక్క మాత్రం చెబుతాను.

ఒక అబ్బాయి తలసీమియా వాహకుడు అనుకుందాం. అతను బయటి సంబంధం చేసుకుంటే, ఆ అమ్మాయి కూడా వాహకురాలు అయ్యే అవకాశం నూటికి మూడు నాలుగు. మేనమామ కూతురినో మేనత్త కూతురినో చేసుకుంటే కనీసం ఎనిమిదింట ఒక వంతు, అంటే నూటికి పన్నెండున్నర. అక్క కూతురిని చేసుకుంటే నాలుగింట ఒక వంతు, నూటికి ఇరవై అయిదు. ఎందుకంటే ఇద్దరి రిజిస్టర్లూ ఒకే తాతగారి కాపీ నుండి దిగినవి. తాతగారి పేజీలో తప్పుంటే ఇద్దరిలోనూ అదే తప్పు దిగే అవకాశం ఎక్కువ.

అలాగని మేనరికంలో పుట్టిన ప్రతి బిడ్డకూ జబ్బు రాదు. ఎక్కువమంది బాగానే పుడతారు, నా పిల్లలు బాగానే ఉన్నారు. కాబట్టి ఇదివరకే అయిన పెళ్ళిళ్ళ గురించి ఎవరూ భయపడనక్కరలేదు. కాబోయే మేనరికమైతే మాత్రం పరీక్ష తప్పనిసరి అనుకోండి. ఇంట్లో ఇదివరకు చిన్నతనంలో పోయిన పిల్లలు, నడవలేని, వినపడని పిల్లలు ఉంటే జన్యువైద్యుల సలహా తీసుకోండి. హైదరాబాదు నిమ్స్‌లో అందుకు ప్రత్యేక విభాగమే ఉన్నది.

మేనరికం కానంతమాత్రాన నిశ్చింత అని కూడా అనుకోరాదు. తరతరాలుగా ఒకే కులంలో ఇచ్చి పుచ్చుకుంటూ ఉంటే దూరపు సంబంధంలోనూ పాత కాపీలు కలుస్తాయి. దీనికి మన తెలుగువారిలోనే తెలిసిన ఉదాహరణ ఉన్నది. వైశ్య సోదరులలో కొందరికి సూడోకోలినెస్టరేజ్ అనే ఒక పదార్థం రక్తంలో తక్కువ. మామూలు బ్రతుకులో వారికి ఏ ఇబ్బందీ లేదు. కానీ ఆపరేషను సమయంలో కండరాలు సడలడానికి ఇచ్చే సక్సినైల్ కోలిన్ అనే మందు, మిగిలినవారిలో నిమిషాలలో దిగిపోయేది, వీరిలో గంటలకొద్దీ దిగదు. అంతసేపూ ఊపిరి మిషను మీద ఉంచాలి. ముందే తెలిస్తే మత్తు డాక్టరు వేరే మందు వాడతారు, ప్రమాదమే లేదు. దీనికి కారణమైన జన్యుమార్పును 2006లో గుర్తించారు. హైదరాబాదు సి.సి.ఎం.బి. శాస్త్రవేత్తలు అమెరికావారితో కలిసి 2009లోను, 2017లోను చేసిన పరిశోధనలలో ఇది ఒక కులానికి పరిమితం కాదని తేలింది. దక్షిణాసియాలో వారు చూసిన 263 సమూహాలలో 81 సమూహాలు ఇలాగే కొద్దిమంది పూర్వీకులనుండి పెరిగినవే. కాబట్టి ఎవరూ ఎవరినీ వేలెత్తి చూపనక్కరలేదు. ప్రతివారి రిజిస్టరులోనూ ఎక్కడో ఒక కొట్టివేత ఉన్నది.

మా ఇంట్లో జరిగినది

ఇప్పుడు మా ఇంటి సంగతి చెబుతాను. అనుమతి అడిగే చెబుతున్నాను. మా మనుమరాలికి సంబంధం కుదిరింది. బయటి సంబంధమే. నిశ్చితార్థానికి ముందు రక్తపరీక్ష చేయిస్తే అమ్మాయి తలసీమియా వాహకురాలని తేలింది. ఇంట్లో అందరూ బెంబేలెత్తారు. "ఈ కాగితం పెట్టెలో పెట్టండి, వాళ్ళకు చెప్పకండి, సంబంధం పోతుంది" అన్నారు మా ఇంటి ఆడవాళ్ళు. వాళ్ళ భయంలో న్యాయం ఉంది. ఊళ్ళో "ఆ పిల్లకు రక్తం జబ్బట" అని ఒక్క మాట పుడితే దాన్ని ఆపేవారెవరు?

నేను మా మనుమరాలినే అడిగాను. "తాతా, దాచి పెళ్ళి చేసుకొని రేపు బిడ్డకు వస్తే నేను ఏ ముఖం పెట్టుకోవాలి? చెప్పేయండి" అన్నది. అబ్బాయి తండ్రిగారి దగ్గరికి నేనే పోయి కాగితం ముందు పెట్టి, ఇప్పుడు మీకు చెప్పినట్టే సర్వీసు రిజిస్టరు లెక్క చెప్పాను. ఆయన వారం రోజులు గడువు అడిగారు. ఆ వారం మా ఇంట్లో ఎవరికీ నిద్ర లేదు. ఎనిమిదో రోజు అబ్బాయే ఫోను చేశాడు. తను పరీక్ష చేయించుకున్నానని, తనకు లేదని చెప్పాడు. ఉండి ఉన్నా తను వెనక్కి పోయేవాడు కాదని, డాక్టరును అడిగి ముందుకు పోయేవాళ్ళమని కూడా అన్నాడు. పెళ్ళి అయింది. ఒకరికే ఉన్నది కాబట్టి పుట్టే బిడ్డలకు తీవ్రమైన జబ్బు రాదు, కొందరు వాహకులు కావచ్చు. వారి పెళ్ళీడుకు వారూ పరీక్ష చేయించుకుంటే సరిపోతుంది.

పరీక్ష చేయించడం సులభం, కాగితాన్ని మర్యాదగా చదవడమే కష్టం. సైప్రస్ అనే చిన్న దీవి దేశంలో ఏడుగురిలో ఒకరు తలసీమియా వాహకులు. 1970లలో అక్కడ పరీక్షలు మొదలుపెట్టారు. తరువాత అక్కడి చర్చి, పెళ్ళికి ముందు పరీక్ష చేయించుకున్నట్టు సర్టిఫికెట్టు తెమ్మన్నది. ఆ సర్టిఫికెట్టులో పరీక్ష చేయించారనీ, సలహా పొందారనీ మాత్రమే ఉంటుంది, ఫలితం ఉండదు. ఇద్దరూ వాహకులైన జంటలలో కూడా చాలామంది పెళ్ళి మానుకోలేదు. ముందే తెలుసు కాబట్టి జాగ్రత్తపడ్డారు. అక్కడ ఈ జబ్బుతో పుట్టే బిడ్డలు ఇప్పుడు చాలా అరుదు.

మన దేశంలో కూడా కదలిక వచ్చింది. సికిల్ సెల్ అనే మరో రక్తపు జబ్బు గిరిజన ప్రాంతాలలో ఎక్కువ. దానిమీద 2023 జూలై 1న మధ్యప్రదేశ్‌లోని షాడోల్‌లో జాతీయ మిషన్ ప్రారంభించారు. 17 రాష్ట్రాలలో 40 ఏళ్ళలోపు వారిని ఏడు కోట్లమందిని పరీక్షించాలని లక్ష్యం. మన రాష్ట్రమూ అందులో ఉన్నది. ఒకరికి సికిల్ సెల్, ఒకరికి తలసీమియా వాహకత్వం ఉన్నా బిడ్డకు జబ్బు రావచ్చు కాబట్టి అదీ తెలుసుకోవాలి.

జబ్బు ఉన్న బిడ్డలు ఇప్పటికే ఉన్న ఇళ్ళవారికి ఒక మాట. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టంలో తలసీమియా, సికిల్ సెల్, హిమోఫీలియా చేర్చబడినవి. 2020లో మన రాష్ట్ర ప్రభుత్వం తలసీమియా, సికిల్ సెల్ బాధితులకు నెలకు పదివేల రూపాయల పింఛను మంజూరు చేసింది. దరఖాస్తు రాయడం తెలియని కుటుంబం మీ ఊళ్ళో ఉంటే రాసిపెట్టండి. మన చేతికి ఆ విద్య ఉన్నది. హైదరాబాదులో 1998లో ఏర్పడిన తలసీమియా అండ్ సికిల్ సెల్ సొసైటీవారు పిల్లలకు రక్తం ఎక్కించే సేవ చేస్తున్నారు. మన పిల్లలు ఏడాదికి ఒకసారి రక్తదానం చేసినా ఆ బిడ్డలకు ఉపకారమే.

చివరగా మూడు విన్నపాలు.

ఒకటి, మీ ఇంట్లో సంబంధం చూసేటప్పుడు గోత్రం, నక్షత్రం, ఆస్తి, ఉద్యోగం అడిగినట్టే ఈ పరీక్ష గురించీ అడగండి. అబ్బాయి వైపు పెద్దలు ముందు తమ అబ్బాయికి చేయించి ఆ తరువాత అడిగితే అందులో గౌరవం ఉంటుంది.

రెండు, ఇంట్లో కోడలో కూతురో గర్భవతి అయితే మూడు నెలలు నిండకముందే డాక్టరుతో ఈ మాట ఎత్తండి. ప్రతి నెలా 9వ తేదీన ప్రభుత్వ ఆసుపత్రులలో గర్భవతులకు ఉచితంగా ప్రత్యేక పరీక్షలు చేస్తున్నారు. ఆ రోజు పోయి అడగండి. 2023 నుండి నంద్యాలలో ప్రభుత్వ మెడికల్ కాలేజీ కూడా ఉన్నది.

మూడు, ఎవరి రిపోర్టు మీ చేతికి వచ్చినా అది కాన్ఫిడెన్షియల్ ఫైలు అనుకోండి. సర్వీసులో ఉన్నంతకాలం ఎన్నో రహస్యాలు కడుపులో పెట్టుకున్నవాళ్ళం. ఒక ఆడపిల్ల కాగితం విషయంలో ఆ మాత్రం నోరు కట్టుకోలేమా? వాహకత్వం జబ్బు కాదు, పాపం కాదు, ఎవరి తప్పూ కాదు. పెద్దవాళ్ళం మనం ఆ మాట గట్టిగా అంటే పిల్లలు ధైర్యంగా పరీక్షకు పోతారు. మనం గుసగుసలాడితే వాళ్ళు దాచుకుంటారు, ఆ దాపరికానికి మూల్యం పుట్టబోయే బిడ్డ చెల్లిస్తుంది.